'సెట్' : పొట్టి ఆంగ్లపదం, రెండు పుట్టుకలు, తెలుగులో మరో జీవితం

వ్యాససంగ్రహం: ఆంగ్లంలో అత్యధిక అర్థాలున్న పదంగా ప్రసిద్ధి పొందిన 'సెట్' నిజానికి ఒక పదం కాదు. ఒకే రూపంలోకి వచ్చి చేరిన కనీసం రెండు వేర్వేరు పదాలు. ఈ వ్యాసం ఆ రెండింటి వ్యుత్పత్తినీ, వాటికి సంస్కృతంలో ఉన్న బంధుపదాలనూ పరిశీలిస్తుంది. 'పెట్టు', 'పొదుగు', 'కుదురు' అనే తెలుగు క్రియలతో ఆ పదాన్ని పోల్చి, తెలుగులో వాడుకలో ఉన్న 'సెట్టు' ఆంగ్లపదానికి నకలు కాదనీ, దానికి తెలుగు నిఘంటువుల్లో స్వతంత్రమైన ఆరోపం అవసరమనీ ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: నానార్థకత, సమరూపత, వ్యుత్పత్తి, ఆదానపదం, నిఘంటు నిర్మాణం, ప్రేరణార్థకం.

ఉపోద్ఘాతం

ఆంగ్ల – తెలుగు నిఘంటువుల్లో పొడవైన పదాలు అనువాదకుణ్ణి పెద్దగా ఇబ్బంది పెట్టవు. 'ఫొటోసింథసిస్' అన్న పదానికి 'కిరణజన్య సంయోగక్రియ' అని ఒక సమానార్థకం దొరికితే పని పూర్తవుతుంది. ఇబ్బంది పెట్టేవి మూడక్షరాల మాటలు. 1755లో వెలువడిన తన ఆంగ్ల నిఘంటువు పీఠికలో శామ్యూల్ జాన్సన్ కూడా ఈ సంగతే చెప్పుకున్నాడు. అర్థం వదులుగా ఉండి, మొదటి భావం నుంచి ఎటెటో సాగిపోయే కొన్ని క్రియలు తన శ్రమను పెంచాయని చెబుతూ ఆయన ఇచ్చిన జాబితాలో 'పుట్', 'గో', 'రన్', 'టేక్' వంటి వాటితోపాటు 'సెట్' కూడా ఉంది.

ఈ పదం కీర్తికి అసలు కారణం ఆక్స్‌ఫర్డ్ ఆంగ్ల నిఘంటువు. 1884లో మొదటి భాగంతో మొదలై 1928లో పూర్తయిన ఆ నిఘంటువులో ఈ పదమున్న భాగానికి సంపాదకుడు హెన్రీ బ్రాడ్లీ. 1989 నాటి రెండో కూర్పులో 'సెట్' క్రియకు 430కి పైగా అర్థభేదాలు చూపారు. ఆ ఒక్క ఆరోపమే దాదాపు 60,000 పదాల నిడివి గలది. తరువాతి సవరణలో 'రన్' క్రియ 645 అర్థాలతో దాన్ని దాటిపోయింది. సామాన్య విజ్ఞాన ప్రశ్నల పుస్తకాల్లో మాత్రం 'సెట్'కు ఉన్న ప్రథమస్థానం ఇప్పటికీ చెక్కుచెదరలేదు.

ఈ సంఖ్యను పదానికి సహజమైన గుణంగా భావించడం సరికాదు. 430 అనేది పదం లెక్క కాదు, నిఘంటుకారుల లెక్క. బల్ల మీద గిన్నె ఉంచడాన్నీ, గోడకు రాయి అమర్చడాన్నీ ఒకే అర్థమనుకునే సంపాదకుడికి ఒక సంఖ్య వస్తుంది. రెండు వేర్వేరు అర్థాలనుకునే సంపాదకుడికి మరో సంఖ్య వస్తుంది. కలిపే నిఘంటుకారులూ విడదీసే నిఘంటుకారులూ అన్ని భాషల్లోనూ ఉన్నారు. అందుచేత పరిశోధకుడు ముందుగా అడగవలసినది ఇన్ని అర్థాలున్నది ఒక పదానికా, ఒకటి కన్నా ఎక్కువ పదాలకా అన్న ప్రశ్న.

ఒక శబ్దమా, అనేక శబ్దాలా?

భారతీయ శబ్దశాస్త్రంలో ఈ ప్రశ్న చాలా పాతది. ఒకే శబ్దానికి అనేకార్థాలు ఉంటాయనేది ఒక దర్శనం. అర్థం మారితే శబ్దమే వేరు, పోలిక వల్ల ఒకటిగా కనిపిస్తుందంతే అనేది మరొక దర్శనం. భర్తృహరి వాక్యపదీయం ద్వితీయకాండలో ఈ రెండింటినీ చర్చకు పెట్టాడు. ఆధునిక భాషాశాస్త్రం మొదటిదాన్ని నానార్థకత అనీ, రెండోదాన్ని సమరూపత అనీ వ్యవహరిస్తోంది. నానార్థకతను సూచించే 'పాలిసెమీ' అన్న పారిభాషిక పదాన్ని 1897లో తన అర్థవిజ్ఞాన గ్రంథం ద్వారా ప్రచారంలోకి తెచ్చినవాడు ఫ్రెంచి భాషావేత్త మిషెల్ బ్రెయాల్.

అలంకారశాస్త్ర విద్యార్థులకు చిరపరిచితమైన 'సైంధవం' ఉదాహరణ ఇక్కడ ఉపకరిస్తుంది. భోజన సమయంలో సైంధవం తెమ్మంటే ఉప్పు, ప్రయాణ సమయంలో తెమ్మంటే గుర్రం. ఈ రెండర్థాలకూ మూలం ఒకటే. సింధుదేశంలో పుట్టినది ఏదైనా సైంధవమే. అర్థాలు ఎంత దూరంగా ఉన్నా వ్యుత్పత్తి ఒకటి కనుక ఇది నానార్థకత. 'సెట్' విషయం దీనికి భిన్నం. 'సన్‌సెట్'లోని 'సెట్'నూ, 'టీసెట్'లోని 'సెట్'నూ పక్కపక్కన ఉంచితే అవి ఒకే పదానికి రెండు అర్థాల వలె కనిపిస్తాయి. వాటి పుట్టుకలు మాత్రం వేరు.

మొదటి పుట్టుక: కూర్చోబెట్టడం

క్రియగా 'సెట్' ప్రాచీనాంగ్లంలోని 'సెట్టన్' నుంచి వచ్చింది. అది 'సిట్టన్' అంటే కూర్చొను అనే క్రియకు ప్రేరణార్థక రూపం. 'మారు – మార్చు', 'ఆగు – ఆపు', 'కుదురు – కుదుర్చు' అని తెలుగులో ఉన్నట్లే ప్రాచీన జర్మానిక్ భాషల్లోనూ అకర్మకానికి జంటగా సకర్మక, ప్రేరణ రూపాలు ఉండేవి. నేటి ఆంగ్లంలో వాటి ఆనవాళ్లు కొన్ని మిగిలాయి. 'లై' అంటే పడుకొను, 'లే' అంటే పడుకోబెట్టు. 'ఫాల్' అంటే పడు, 'ఫెల్' అంటే పడగొట్టు. 'సిట్ – సెట్' ఈ కుటుంబానికి చెందిన జంటే.

ఈ జంటలో అచ్చు ఎందుకు మారిందన్నది ధ్వనిపరిణామ సూత్రం చెబుతుంది. గోథిక్ భాషలో ఈ క్రియ రూపం 'సత్యన్'. అందులోని యకార ప్రభావంతో దాని ముందున్న అకారం ఎకారమైంది, తకారం ద్విత్వమైంది, ఆపై యకారం లోపించింది. పక్క అక్షరంలోని ధ్వని ముందరి అచ్చును తనవైపు లాగడం తెలుగువారికి కొత్త కాదు. అచ్చుల సమీకరణాన్ని గురించి చదివిన తెలుగు విద్యార్థికి ఈ మార్పు ఇట్టే అర్థమవుతుంది.

ఇంకా వెనక్కు వెళ్తే ఇండో యూరోపియన్ మూలభాషలోని 'సెద్' ధాతువు వస్తుంది. సంస్కృతంలో ఇదే 'సద్' ధాతువు. దాని ప్రేరణరూపం 'సాదయతి' – కూర్చుండబెట్టుచున్నాడు. 'సాదయతి', 'సత్యన్', 'సెట్టన్' ఒకే నిర్మాణానికి వేర్వేరు భాషల్లో మిగిలిన రూపాలు. ఈ బంధుత్వాన్ని నిరూపించేది పైపై పోలిక కాదు, క్రమబద్ధమైన ధ్వని సంవాదం. సంస్కృత దకారానికి ఆంగ్లంలో తకారం రావడం 'దశ – టెన్', 'ద్వి – టూ' వంటి జంటల్లోనూ కనిపిస్తుంది. ఈ షరతును మరచిపోతే 'సెట్' నుంచి తెలుగు 'సెట్టి' దాకా దారి వేసే ఉత్సాహం పుడుతుంది. 'సెట్టి' సంస్కృత 'శ్రేష్ఠి'కి తద్భవం, ఈ కథతో దానికి సంబంధం లేదు.

ఈ ధాతువు ద్వారా తెలుగులోకి వచ్చిన తత్సమాలు లెక్కకు మిక్కిలి. సదనం, సదస్సు, పరిషత్తు, సంసత్తు, ఉపనిషత్తు – అన్నింటిలోనూ ఉన్నది కూర్చోవడమే. 'ప్రసన్న', 'ప్రసాద' శబ్దాలు మరింత ఆసక్తికరమైనవి. కలకబారిన నీటిలోని మట్టి అడుగున కూర్చుంటే నీరు తేటపడుతుంది. ఆ తేటదనం నుంచే ప్రసన్నత అనే భావం, ఆపై అనుగ్రహం అనే అర్థం వచ్చాయి. పక్షి గూటికి సంస్కృతంలో ఉన్న 'నీడం' కూడా 'ని' ఉపసర్గతో చేరిన ఈ ధాతువు నుంచే ఏర్పడింది. ఆంగ్లంలోని 'నెస్ట్' దానికి తోబుట్టువు. తెలుగు 'నీడ' వేరే మాట, అది ద్రావిడపదం.

సూర్యుడికి సంబంధించిన అర్థం దగ్గర కొంచెం ఆగవలసి ఉంది. 'సెట్' ప్రధానంగా సకర్మకమైనా, సూర్యుని విషయంలో మాత్రం అకర్మకం. మధ్యాంగ్ల దశలో 'సిట్', 'సెట్' క్రియలు ఒకదానిలో ఒకటి కలగలసి వాడుకలోకి రావడం ఇందుకు తోడ్పడింది. ఆంగ్లేయుల ఊహలో సూర్యుడు సాయంకాలం తన ఆసనానికి దిగుతాడు. సంస్కృతంలో 'అస్తమయం' అంటే ఇంటికి చేరడం. వైదికభాషలో 'అస్తం' అనే మాటకు ఇల్లు అని అర్థం. తెలంగాణ పల్లెల్లో 'పొద్దు గూట్లో పడింది' అంటారు. ఆసనం, ఇల్లు, గూడు – ఈ మూడు ఊహలూ ఒకదాని నుంచి మరొకటి అరువు తెచ్చుకున్నవి కావు. పగలంతా తిరిగినవాడు రాత్రికి ఎక్కడో ఒకచోట కుదురుకోవాలన్న సహజమైన మానవానుభవం నుంచి విడివిడిగా పుట్టినవి. 'పొద్దు గ్రుంకింది' అన్న తెలుగు వాడుక మాత్రం ఈ వరుసలో చేరదు. అక్కడ సూర్యుడు కూర్చోడు, మునుగుతాడు.

రెండో పుట్టుక: వెంట నడవడం

వస్తువుల సముదాయం, మనుషుల బృందం అనే అర్థాల్లో వాడే 'సెట్' నామవాచకం ప్రాచీన ఫ్రెంచి 'సెత్' ద్వారా లాటిన్ 'సెక్తా' నుంచి వచ్చింది. 'సెక్తా' అంటే ఒక గురువునో మార్గాన్నో అనుసరించేవారి సమూహం. ఆంగ్లంలో శాఖ, మతశాఖ అనే అర్థంలో ఉన్న 'సెక్ట్' ఇదే మాటకు మరో రూపం. 'సెక్తా'ను కొందరు ఖండించడం అనే అర్థమున్న లాటిన్ ధాతువుతో ముడిపెట్టి, ప్రధాన సంప్రదాయం నుంచి తెగిపోయిన భాగమే శాఖ అని వివరిస్తారు. వినడానికి అది నప్పినట్లే ఉంటుంది. వ్యుత్పత్తి శాస్త్రజ్ఞుల్లో అత్యధికులు అంగీకరించినది మాత్రం అనుసరించడం అనే అర్థమున్న 'సెక్వి' క్రియనే. 'సీక్వెన్స్', 'సెకండ్', 'సూట్' ఆ క్రియ సంతానమే. మొదటిదాని వెంట వచ్చేది 'సెకండ్'.

ఈ లాటిన్ క్రియకు సంస్కృతంలో బంధువు 'సచ్' ధాతువు, అంటే వెంట ఉండు, కూడి ఉండు అని. 'సచివుడు' అనే మాటకు మొదటి అర్థం తోడుండేవాడు. మంత్రి అన్న అర్థం ఆ తరువాతిది. 'సఖుడు' కూడా ఈ కుటుంబంలోని మాటే. అంటే ఆంగ్లంలో ఒకే అక్షరక్రమంలో కలిసిపోయిన రెండు పదాల దూరపు చుట్టాలు తెలుగులో 'సదస్సు'గా, 'సచివుడు'గా స్పష్టంగా విడివిడిగానే ఉన్నాయి. ఆంగ్ల నిఘంటువు చూపలేని తేడాను ఈ రెండు తత్సమాలు చూపుతాయి.

రెండు మాటలు ఒకటైపోవడం ధ్వనిసామ్యం వల్ల మాత్రమే జరగలేదు. అనుయాయుల గుంపు అనే అర్థం క్రమంగా వస్తువుల గుంపుగా విస్తరించింది. ఆ దశలో, ఒకచోట చేర్చి ఉంచినవి కనుక 'సెట్' అన్న భావం జనం మనసులో చేరింది. క్రియ తన అర్థాన్ని నామవాచకానికి అద్దింది. అందుకే రెండు నామవాచకాలను వేర్వేరు ఆరోపాలుగా ఇచ్చిన ఆక్స్‌ఫర్డ్ నిఘంటువు సైతం వాటి మధ్య సరిహద్దును గట్టిగా గీయలేదు. చరిత్రరీత్యా ఇది సమరూపత, నేటి భాషకుడి స్పృహలో నానార్థకత. రెండింటిలో ఏదో ఒకటే సత్యమని పట్టుబట్టే విశ్లేషణ ఈ పదం ముందు నిలవదు.

గణితంలోని 'సెట్' ఇందుకు చక్కని ఉదాహరణ. 1895లో ప్రచురించిన వ్యాసంలో గేయార్గ్ కాంటర్ నిర్వచించిన జర్మన్ పదం 'మెంగె', అంటే రాశి, గుంపు. ఆంగ్లంలో దానికి స్థిరపడిన సమానార్థకం 'సెట్'. తెలుగు పాఠ్యపుస్తకాల్లో 'సమితి'. హిందీ పారిభాషికులు 'సముచ్చయ' తీసుకున్నారు. 'సమ్' ఉపసర్గతో వెళ్లు అనే అర్థమున్న 'ఇ' ధాతువు చేరితే 'సమితి', కలిసి వచ్చినవారి కూటమి. వేదాల్లో సభతోపాటు సమితి ప్రస్తావన ఉంది. నేటి తెలుగులో పంచాయతీ సమితి, ఐక్యరాజ్యసమితి కూడా ఉన్నాయి. కలిసి నడిచే మనుషుల గుంపు అన్నది 'సెక్తా'కూ 'సమితి'కీ సమానమైన మూలభావం. ఈ పారిభాషిక పదాన్ని ఎంచినవారు లాటిన్ వ్యుత్పత్తిని చూసి ఎంచారో లేదో గాని, తెలుగు మాట ఆంగ్ల మాట పునాదికి జర్మన్ మాట కంటే దగ్గరగా ఉంది. అయితే ఇబ్బంది ఒకటుంది. ఒక్క సభ్యుడూ లేని సమితిని 'శూన్యసమితి' అన్నప్పుడు, సమితి అంటే మనుషుల కూటమి అనుకునే పల్లెటూరి విద్యార్థికి అది వింతగా తోస్తుంది. పదానికి ముందే ఉన్న లౌకికార్థం పారిభాషికార్థానికి అడ్డు రావడం అనువాదంలో తరచు జరిగేదే.

పెట్టు, పొదుగు, తోడు

'సెట్' క్రియకు తెలుగు సమానార్థకాలు ఇచ్చేటప్పుడు విద్యార్థుల చేతుల్లో ఉండే చిన్న నిఘంటువులు 'ఉంచు, అమర్చు, స్థాపించు, నియమించు, అస్తమించు' అని వరుసగా పేర్చి ఊరుకుంటాయి. వీటిలో ఏదీ తప్పు కాదు. వీటితో ఏ వాక్యమూ తెలుగులోకి సరిగా రాదు. ఇల్లు తగలబెట్టే సందర్భంలో ఆంగ్లం వాడే 'సెట్'ను 'అమర్చు' అని అనువదించలేం. అక్కడ కావలసినది 'నిప్పు పెట్టు'.

నిజానికి ఆంగ్ల 'సెట్'కు తెలుగులో సరిజోడు 'పెట్టు'. రెండూ పొట్టివి, రెండూ చేతిపనికి సంబంధించిన మాటలు, రెండూ తమ పక్కనున్న నామాన్ని బట్టి రంగు మార్చుకునేవి. నిప్పు పెట్టవచ్చు, పేరు పెట్టవచ్చు, బొట్టు పెట్టవచ్చు, అన్నం పెట్టవచ్చు, ముహూర్తం పెట్టవచ్చు, పరీక్ష పెట్టవచ్చు, వాత పెట్టవచ్చు. 'చేసిపెట్టు', 'చెప్పిపెట్టు' అన్నప్పుడు అదే మాట సహాయక క్రియగా మారి, పరుల కోసం చేసే పనినో ముందుచూపుతో చేసే పనినో సూచిస్తుంది. 'కూర్చుండబెట్టు'లో అది 'సెట్టన్' చేసిన ప్రేరణ పనినే చేస్తోంది. ఆంగ్ల సంపాదకుల పద్ధతిలో విడదీస్తూ పోతే 'పెట్టు'కు ఎన్ని అర్థాలు తేలుతాయో ఊహించవచ్చు. అటువంటి పని జరగకపోవడం వల్లనే తెలుగు క్రియ పేదదిగానూ ఆంగ్ల క్రియ సంపన్నంగానూ కనిపిస్తున్నాయి.

కొన్నిచోట్ల 'పెట్టు' సరిపోదు. అక్కడ తెలుగు మరింత సూక్ష్మమైన మాటలను ఎంచుకుంటుంది. ఉంగరంలో రాయిని 'సెట్' చేస్తారు, పొదగడానికి కోడి కింద గుడ్లను 'సెట్' చేస్తారు. తెలుగులో కంసాలి రాయిని 'పొదుగుతాడు', కోడి గుడ్లను 'పొదుగుతుంది'. పరస్పర సంబంధం లేని రెండు భాషలు ఈ రెండు పనులను ఒకే మాటతో చెప్పడం కాకతాళీయమని కొట్టిపారేయదగినది కాదు. విలువైనదాన్ని కదలకుండా, అన్నివైపులా ఆవరించి నిలపడం ఆ రెండు పనులకూ సామాన్యం. ఆంగ్లం నిలపడాన్ని పట్టుకుంది, తెలుగు ఆవరించడాన్ని పట్టుకుంది.

పెరుగు విషయంలో దారులు చీలుతాయి. ఆంగ్లంలో పెరుగు 'సెట్' అవుతుంది, అంటే గట్టిపడుతుంది. తెలుగులో పాలు 'తోడుకుంటాయి'. పాలకు పెట్టేది 'తోడు', అంటే సహచరత్వం. ఆంగ్లం ఫలితాన్ని చెబితే తెలుగు ప్రక్రియను చెబుతోంది. 'తోడుపెట్టు'లో వెంట ఉండటమూ ఉంచడమూ రెండూ ఉన్నాయి కాబట్టి, ఆంగ్లంలోని రెండు 'సెట్'ల పనినీ ఈ ఒక్క సమాసక్రియ చేస్తోందని కాస్త చమత్కారంగా అనవచ్చు.

తెలుగు 'సెట్టు'

ఇంతవరకు చూసినది ఆంగ్లపదం. దాదాపు ప్రతి తెలుగు ఇంట్లోనూ వినిపించే 'సెట్టు' దాని ప్రతిబింబం కాదన్నది తరువాతి విషయం. రేడియోసెట్టు, టీవీసెట్టు, పొలంలో పంపుసెట్టు, వంటింట్లో గిన్నెల సెట్టు, హోటల్లో సెట్‌దోశ – ఇవన్నీ నామవాచకాలు. 'సెట్లు', 'సెట్టులో' అంటూ తెలుగు వచనాన్నీ విభక్తినీ స్వీకరిస్తాయి. ఉకారాంతత, ద్విత్వం చేరి తెలుగు పదంగా స్థిరపడ్డాయి. పంపుసెట్టు అనే రైతుకు అందులో పంపు, మోటారు అనే రెండు వస్తువుల కూడిక స్ఫురించదు. అతనికి అది ఒకే వస్తువు. సముదాయార్థం పోయి పరికరార్థం మిగిలింది.

క్రియాభాగంగా వాడే 'సెట్' తీరు వేరు. తెలుగు ఆంగ్ల క్రియను క్రియగా అరువు తెచ్చుకోదు. దాన్ని నామంగా తెచ్చి 'చేయు', 'అవు' అతికిస్తుంది. 'అలారం సెట్ చేశాను', 'సిమెంటు సెట్టయింది' వంటివి ఆంగ్లార్థానికి దగ్గరగానే ఉన్నాయి. అయితే 'ఆ చొక్కా నీకు బాగా సెట్టయింది', 'వాళ్లమ్మాయికి సంబంధం సెట్టయింది', 'వాళ్లిద్దరికీ సెట్ కాదు', 'అధికారులతో అంతా సెట్ చేసుకున్నాడు' అన్న వాక్యాల్లోని 'సెట్'ను తిరిగి ఆంగ్లంలోకి మార్చబోతే ఆ పదం పనికిరాదు. చొక్కాకు అక్కడ 'సూట్' కావాలి, సంబంధానికి మరో మాట కావాలి.

ఈ అర్థాలు ఎక్కడి నుంచి వచ్చాయి? ఆ వాక్యాల్లో 'సెట్' తీసి 'కుదురు' పెడితే జవాబు దొరుకుతుంది. చొక్కా కుదిరింది, సంబంధం కుదిరింది, వాళ్లిద్దరికీ కుదరదు, అంతా కుదుర్చుకున్నాడు. ఒక్క అర్థమూ చెదరలేదు. అంటే తెలుగువారు ఆంగ్లపదం చిప్పను తీసుకుని అందులో 'కుదురు' గింజను నింపారు. 'అవు', 'చేయు'ల తేడా కూడా 'కుదురు – కుదుర్చు' తేడాకు సరిగ్గా సరిపోతోంది. ఇది అర్థాదానం కాదు, దానికి విలోమం. రూపం అక్కడిది, అర్థం ఇక్కడిది.

'కుదురు' నామవాచకంగా కుండ దొర్లిపోకుండా కింద పెట్టే చుట్ట. మొక్క చుట్టూ నీరు నిలవడానికి కట్టే పాదును కూడా కుదురనే అంటారు. అల్లరి పిల్లవాణ్ణి 'కుదురుగా కూర్చో' అని కసిరే తల్లి మాటలో 'సిట్', 'సెట్' పక్కపక్కనే ఉన్నాయి. కనుక 'సెట్' వచ్చి 'కుదురు' స్థానంలో నిలవడం గుడ్డిగా జరిగింది కాదు. మూలభావంలో రెండూ ఒకటే కాబట్టే ఆ మార్పిడి సులువైంది. అయితే దీనికి మూల్యమూ ఉంది. పట్టణ యువత మాటల్లో 'కుదరదు' అనే నిషేధరూపం గట్టిగా నిలిచి ఉండగా, 'కుదిరింది' అనవలసిన చోట్ల 'సెట్టయింది' వేగంగా పెరుగుతోంది. 'కుదుటపడు', 'కుదురుపాటు' వంటివి ఇప్పటికే రాతకు పరిమితమవుతున్నాయి. ఇది ఫిర్యాదుగా కాక ఒక పరిశీలనాంశంగా నమోదు కావాలి.

తెలుగు లిపి ఈ పదానికి మరో రెండు పుట్టుకలను చేర్చింది. 1986లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో మొదలైన ఎంసెట్, దాని వారసుడైన ఈఏపీసెట్, ఎడ్‌సెట్, ఐసెట్, లాసెట్ – వీటిలోని 'సెట్' ఉమ్మడి ప్రవేశపరీక్ష అనే ఆంగ్ల పదబంధపు తొలి అక్షరాల కూర్పు. ఆంగ్ల లిపిలో దాని మొదటి అక్షరం వేరు. అధ్యాపక ఉద్యోగార్థులకు సుపరిచితమైన రాష్ట్రస్థాయి అర్హతపరీక్ష 'సెట్' మరో సంక్షిప్తరూపం. ఆంగ్ల లిపిలో మొదటి అక్షరాన్ని బట్టి విడిపోయే ఈ రెండూ తెలుగులో రాసినప్పుడు ఒకటవుతాయి, గిన్నెల సెట్టుతోనూ ఒకటవుతాయి. పరిశోధక విద్యార్థుల మధ్య 'సెట్ అయిందా?' అన్న ప్రశ్నకు పరీక్ష పూర్తయిందా, పెళ్లి కుదిరిందా అన్న రెండర్థాలూ సాధ్యమే. ధాతువు లేని, చరిత్ర లేని ఈ సమరూపతను వ్యుత్పత్తిశాస్త్రం వివరించలేదు.

ఇటువంటి చోట అర్థనిర్ణయానికి ఉపకరించేది భర్తృహరి పేర్కొన్న సాహచర్యం, ప్రకరణం, ఔచిత్యం వంటి సాధనాలే. 'సెట్‌బ్యాక్' ఇందుకు మంచి పరీక్ష. పురపాలక కార్యాలయంలో ఆ మాటకు ఇంటి చుట్టూ వదలవలసిన ఖాళీ స్థలమని అర్థం. వార్తాపత్రికలో అది ఎదురుదెబ్బ. 'భవన యజమానికి సెట్‌బ్యాక్' అనే శీర్షికలో ప్రకరణం కూడా తేల్చలేని సందిగ్ధత ఉంది, కింది వార్త చదివితే గాని విషయం తెలియదు. తెలుగు పాఠ్యాన్ని యంత్రానువాదానికి సిద్ధం చేసేవారు ఎదుర్కొనేది సరిగ్గా ఈ సమస్యనే. వారికి ఆంగ్లంలోని 430 అర్థాల జాబితా ఉపయోగపడదు. తెలుగులో జీవిస్తున్న నాలుగైదు అర్థాల వివరణ కావాలి.

నిఘంటువులో చోటు

ఈ పరిశీలన ఆధారంగా తెలుగు – తెలుగు నిఘంటువులో 'సెట్టు' ఆరోపం ఏ విధంగా ఉండాలో ఊహించవచ్చు. మొదటి సంఖ్యతో నామవాచకం: వస్తు సముదాయం, దాని నుంచి పరికరం, ఉదాహరణగా పంపుసెట్టు. దాని మూలంగా ఆంగ్లం ద్వారా లాటిన్ 'సెక్తా'ను చూపాలి. రెండో సంఖ్యతో 'అవు', 'చేయు'లతో మాత్రమే వచ్చే రూపం: ఒకవైపు 'పెట్టు, అమర్చు, గట్టిపడు' అన్న ఆంగ్లానుగతార్థాలు, మరోవైపు 'కుదురు, కుదుర్చు' అన్న తెలుగులో ఏర్పడిన అర్థాలు. ఈ రెండో తెగకు 'ఆంగ్లంలో లేదు' అన్న సూచన తప్పనిసరి. మూడు, నాలుగు సంఖ్యలతో రెండు పరీక్షల సంక్షిప్తరూపాలు. ఆదానపదాలను అన్యదేశ్యమని ఒక గుర్తు పెట్టి వదిలేసే మన నిఘంటు సంప్రదాయం, ఆ పదం ఇక్కడికి వచ్చాక ఏమైందో చెప్పే బాధ్యతను ఇంతవరకు తీసుకోలేదు. అన్యదేశ్యమన్న ముద్ర పుట్టుకను చెబుతుంది గాని పెంపకాన్ని చెప్పదు.

ఈ విభజనలో ఇమడని వాడుక ఒకటి మిగులుతుంది. సినిమావారు 'సెట్టు వేశారు' అంటారు. అక్కడ 'సెట్టు' అమర్చిన దృశ్యం కనుక మూలరీత్యా క్రియ వైపుది. తెలుగులో మాత్రం 'సెట్లు', 'సెట్టులో' అంటూ పూర్తి నామవాచకంగా నడుస్తోంది, పైగా తనతో 'చేయు'ను కాక 'వేయు'ను తెచ్చుకుంటోంది. పందిరి వేయడం, పాక వేయడం, తెర వేయడం అన్న వాడుకల సరసన 'సెట్టు వేయడం' చేరింది. వ్యుత్పత్తిని అనుసరిస్తే దాన్ని రెండో సంఖ్య కింద, వ్యాకరణాన్ని అనుసరిస్తే మొదటి సంఖ్య కింద పెట్టాలి. తెలుగు నిఘంటువు తెలుగు వ్యాకరణాన్నే అనుసరించాలి కనుక దాని స్థానం మొదటి ఆరోపంలో, పంపుసెట్టు పక్కనే.